బీరువాలోని స్టే

ఐసు ఫ్యాక్టరీ యజమానిని వీధంతా రెండుతాళాలాయన అంటుంది. తలుపుకు ఒక తాళం వేసి, దాని మీద నమ్మకం చాలక ఇంకోటి వేసే మనిషి. తన నీడనే నమ్మడు.

పన్నువాళ్లు ఆయన్ను కట్టాల్సినదానికి మూడింతలు కట్టమన్నారు. అప్పీలు వేశాడు. అది నత్తనడక నడుస్తుండగానే, కంప్రెసర్ పట్టుకుపోతామని గేటుకు నోటీసు అంటించారు. కంప్రెసర్ పోతే ఐసు లేదు, ఐసు లేకపోతే ఇల్లు గడవదు. కాళ్లావేళ్లా పడితే వకీలు కోర్టునుంచి స్టే తెచ్చాడు: అప్పీలు తేలేదాకా వసూలు ఆపాలి.

"ఈ కాపీ వెంటనే పన్ను ఆఫీసులో ఇవ్వండి. చూసేదాకా వాళ్లు ఆగరు," అన్నాడు.

లెక్కలు రాసే బావమరిది చెయ్యి చాపాడు. "ఇలా తెండి బావా, ఇప్పుడే ఇచ్చొస్తా."

వీడికెందుకంత తొందర? అసలు పన్నువాళ్లకు లోపలి సంగతులు ఎవరు ఊదారు? ఇంటిదొంగను ఈశ్వరుడైనా పట్టలేడంటారు. "నేనే ఇస్తాలే," అని రెండుతాళాలాయన కాగితం బీరువాలో పెట్టి, తాళంచెవులు మొలకు కట్టుకున్నాడు.

మర్నాడు బావమరిది చెప్పాపెట్టకుండా బయల్దేరాడు. బావ పిల్లిలా వెనకపడ్డాడు. వాడు తిన్నగా కోర్టు మెట్లెక్కి, కిటికీ అవతలి గుమాస్తాతో గుసగుసలాడి, చేతిలో ఏదో పెట్టాడు. దొరికాడు దొంగ! అంత కోపంలోనూ రెండుతాళాలాయనకు కాస్త సంతోషం వేసింది. వెళ్లి కాలరు పట్టుకున్నాడు.

"ఎంతకు అమ్మావురా నన్ను?"

"అమ్మడమేంటి బావా? మీరు బీరువా తెరిచేలా లేరని ఇంకో కాపీ తీసుకుంటున్నా. అది ఫీజు."

గుమాస్తా ముద్ర వేసిన కాగితం కిటికీలోంచి అందించాడు. అప్పుడే ఫోను మోగింది. భార్య.

"ఏమండీ, పన్నువాళ్లు లారీ తెచ్చారు! స్టే ఉందంటే చూపించమంటున్నారు. బీరువా తాళాలేవి?"

తాళాలు ఆయన మొలలోనే ఉన్నాయి.

ఇద్దరూ ఆటోలో వచ్చిపడేసరికి కంప్రెసర్ లారీ ఎక్కేసింది. బావమరిది లారీకి అడ్డంగా నిలబడి కాగితం ఎత్తి చూపించాడు. అధికారి రెండుసార్లు చదివి, విసుక్కుంటూ దింపమన్నాడు.

"మా సంగతులు మీకెవరు చెప్పారు?" రెండుతాళాలాయన ఉండబట్టలేక అడిగాడు.

అధికారి గేటు మీది బోర్డు చూపించాడు. 'రోజూ వంద బండ్ల ఐసు.' గొప్పకోసం ఆయనే రాయించాడు. ముప్పై బండ్లు వెళ్తే పండగే.

లారీ వెళ్లాక భార్య అడిగింది. "కాగితాన్ని ఎవరికి భయపడి దాచారు?"

ఆయన చెయ్యి మొలలోని తాళంచెవుల మీదికి వెళ్లింది. బావమరిదికి అర్థమైంది. ముఖం తిప్పుకున్నాడు.

సిగ్గుతో చచ్చిపోతూ రెండుతాళాలాయన తాళంచెవులు విప్పి వాడి ముందు పెట్టాడు. "ఇకనుంచి ఇవి నీ దగ్గరే ఉండనీరా."

బావమరిది వాటిని ముట్టుకోలేదు.

"వద్దు బావా. రేపు ఏదైనా కనబడకపోతే, మళ్లీ నా కాలరే పట్టుకుంటారు."