పగటిపూట ఇల్లు

కూలి పెరిగిందంటే లోకంలో ఎవరైనా సంతోషిస్తారు. మెక్సికో నగరానికి దూరంగా ఉన్న విల్లాస్ దెల్ మనంతియాల్ కాలనీ వాళ్లు మాత్రం తలుపులు దగ్గరికేసుకుని తిట్టుకునేవాళ్లు. జనవరి వచ్చిందంటే చాలు, టీవీలో ఎవరో ఒక పెద్దమనిషి కోటు తొడుక్కుని వచ్చి, కనీస కూలి పెంచాం, కష్టజీవికి మంచి రోజులొచ్చాయి అని చెప్పి నవ్వేవాడు. ఆ నవ్వు చూస్తే హెర్లిండాకి ఒళ్లు మండిపోయేది. ఆవిడ ఇంటి అప్పు పెసోల్లో రాసింది కాదు మరి. ఇన్ని రోజుల కనీస కూలి బాకీ అని రాసింది. కూలి పెరిగితే బాకీ దానంతటదే పెరుగుతుంది. హెర్లిండా జీతం కనీస కూలికి కాస్త పైన ఉండేది కాబట్టి ఆ పెంపు ఆవిడదాకా వచ్చేది కాదు. ఆ కాస్త పైన ఉందనే అప్పిచ్చారు, చివరికి ఆ కాస్తే కొంప ముంచింది.

సంతకం పెట్టేటప్పుడు ఈ సంగతి చెప్పలేదనడానికి లేదు. చెప్పారు. వినే స్థితిలో ఆవిడ లేదు. హెర్లిండా పుట్టి పెరిగింది మెక్సికో నగరం నడిబొడ్డున, ఓ పాత లోగిట్లో, కిటికీ లేని లోపలి గదిలో. మిట్టమధ్యాహ్నం కూడా బల్బు వెలగాల్సిందే. అమ్మకందార్లు చూపించిన నమూనా ఇంట్లోకి అడుగుపెట్టినప్పుడు ఆవిడ కడుపుతో ఉంది. గోడలు చూడలేదు, గచ్చు చూడలేదు, వంటగదిలో నిలబడిపోయింది. కిటికీలోంచి మధ్యాహ్నం ఎండ సరిగ్గా బల్ల మీద పడుతోంది. బల్ల మీద ప్లాస్టిక్ పళ్లు కూడా నోరూరించేలా మెరుస్తున్నాయి. పుట్టబోయే బిడ్డని ఎదురుగా కూర్చోబెట్టుకుని ఈ ఎండలో తినిపించాలి అనుకుంది. పక్కన భర్త ఫిదెన్సియో వడ్డీ గురించి ఏదో అడగబోతే మోచేత్తో పొడిచింది. నన్నడిగితే ఆవిడ ఆ ఎండనే కొనుక్కుంది, చుట్టూ ఉన్న గోడలు దాంతోపాటు వచ్చాయి.

మనంతియాల్ అంటే ఊటనీళ్లు. ఊట సంగతి దేవుడెరుగు, వారానికి రెండుసార్లు ట్యాంకరు వస్తే అదే పండగ. ఇళ్లన్నీ ఒకే పసుపు రంగు, ఒకే గుమ్మం, ఒకే కిటికీ, ఒకదాన్నొకటి ఆనుకుని ఉంటాయి. హెర్లిండా పని నగరంలో ఓ పెద్దాసుపత్రి లాండ్రీలో, దుప్పట్లు మడతపెట్టడం. కాలనీ చివర వ్యానెక్కి, హైవే మీద బస్సు పట్టుకుని, అక్కడి నుంచి మెట్రో మారి వెళ్లాలి. చీకటితో బయల్దేరితే చీకటిపడ్డాకే రాక. ఫిదెన్సియో ఉత్తరాదికి పనికని వెళ్లి అక్కడే ఇంకో సంసారం పెట్టుకున్నాక, ఆదివారాలు కూడా నగరంలో ఒకరింట్లో పాచిపని ఒప్పుకుంది. ఇక పండగలంటారా, రోగులు పండగపూట కూడా దుప్పట్లు పాడుచేస్తారు. ఇలా ఏళ్లు గడిచాయి గానీ ఆ బల్ల మీద ఎండ పడడం హెర్లిండా ఒక్కసారి కూడా చూడలేదు.

పాప దఫ్నెని పొద్దున్నే పక్కింటి పెద్దావిడ దోన్యా కూకా చేతుల్లో పెట్టి వెళ్లేది. దోన్యా కూకా పెళ్లీపెటాకులు లేని మనిషి, నోరు పెద్దది, మనసు అంతకన్నా పెద్దది. రాత్రి హెర్లిండా వచ్చేసరికి పాప తమ ఇంట్లోనే, తన మంచం మీద నిద్రపోతూ ఉండేది, ఎవరో స్నానం చేయించి తల దువ్వి ఉండేవాళ్లు. బల్ల మీద హెర్లిండాకి ఓ గిన్నెలో సూపు, పైన బోర్లించిన పళ్లెం, గుడ్డలో చుట్టిన మొక్కజొన్న రొట్టెలు. తాళంచెవి ఒకటి దోన్యా కూకా దగ్గర ఉంది కదా, ఇంకెవరు చేస్తారు అనుకుంది.

పాపని అప్పజెప్పాక మొదటి నెల జీతం రాగానే కొంత కాగితంలో చుట్టి తీసుకెళ్లి ఆవిడ ముందు పెట్టింది. దోన్యా కూకా వింతగా చూసింది.

"ఇదెందుకే? పొద్దున్న గంటసేపు చంకనేసుకున్నందుకా? తెల్లారగానే నువ్వొచ్చి తీసుకుపోతూనే ఉన్నావు కదా."

డబ్బు తీసుకోవడం ఇష్టంలేక పెద్దావిడ అలా మాట దాటేస్తోందని హెర్లిండా అనుకుంది. కళ్లు చెమర్చాయి. చేతులు పట్టుకుని ముద్దుపెట్టుకుంది. ఆ డబ్బు అప్పులో కట్టేసింది. బిడ్డని చూసేందుకు ఎవరికీ పైసా ఇవ్వక్కర్లేదంటే లాండ్రీలో మిగతా ఆడవాళ్లు కుళ్లుకునేవాళ్లు. ఉచితంగా దొరికినదాన్ని ఎందుకు ఉచితం అని ఎవరడుగుతారు? హెర్లిండా కూడా అడగలేదు.

తర్వాత ఎప్పుడో నీళ్ల ట్యాంకరు ఆలస్యమై రాత్రిపూట వచ్చింది. బకెట్లతో వరసలో నిలబడ్డప్పుడు దోన్యా కూకా, మధ్యాహ్నం నువ్వు పంపిన సేమ్యా సూపు బాగుందే, కారం మాత్రం తగ్గించు, కడుపులో మంట అంది. పెద్దావిడకి మతి తప్పుతోందని హెర్లిండా జాలిపడింది. ఇంకో రాత్రి దఫ్నె నిద్రలో లేచింది. అప్పటికి నాలుగైదేళ్ల పిల్ల. హెర్లిండా పక్కన కూర్చుని జోకొడుతుంటే కళ్లు విప్పి ఆవిడ వేళ్లు తడిమి చూసింది.

"నువ్వు రాత్రి అమ్మవి," అంది. "పగటి అమ్మ చేతులు మెత్తగా ఉంటాయి."

హెర్లిండా నవ్వి ఊరుకుంది. పిల్లలు సవాలక్ష అంటారు. కానీ ఆ రాత్రి ఆవిడకి నిద్ర పట్టలేదు. చేతులకి బ్లీచింగు నీళ్ల పగుళ్లు, వాటిని దుప్పటి కింద దాచుకుని పడుకుంది.

ఒకసారి జ్వరమొచ్చింది. లాండ్రీ సూపర్‌వైజరు కసురుకుని మధ్యాహ్నమే పంపేశాడు. వ్యాను దిగి వీధి మలుపు తిరిగేసరికి తమ డాబా మీద ఎవరో బట్టలు ఆరేస్తున్నారు. ఆడమనిషి. నీలం స్వెట్టరు, మోచేతి దగ్గర తెల్ల దారంతో కుట్టిన చిరుగు. హెర్లిండా తన మోచెయ్యి చూసుకుంది. అదే నీలం, అదే తెల్ల దారం. తలెత్తేసరికి డాబా మీద తడిబట్టలు తప్ప ఎవరూ లేరు.

ఇంట్లోకి వెళ్లేసరికి ఎండ గోడ దాటిపోయింది. పొయ్యి వెచ్చగా ఉంది. రెండు పళ్లాలు కడిగి బోర్లించి ఉన్నాయి. కుర్చీ మీద చెయ్యి పెడితే ఎవరో అప్పుడే లేచినట్టు వెచ్చదనం. దఫ్నె నేల మీద బొమ్మలేసుకుంటూ తలెత్తి, "ఇప్పుడే కదా పైకెళ్లావు," అంది. హెర్లిండాకి భయమేసింది, అందులో అబద్ధం లేదు. కానీ ఇల్లు అద్దంలా ఉంది. పిల్ల గోళ్లు కత్తిరించి ఉన్నాయి. ఎవరో ఏమిటో తెలుసుకోవాలంటే పని మానుకుని ఒకరోజు కాపు కాయాలి. మానితే హాజరు బోనసు పోతుంది, అది పోతే ఆ నెల అప్పుకి కట్టే డబ్బులో తరుగు పడుతుంది. అంత అలుపులో మనిషి ఏం చేస్తుంది? జ్వరం వల్ల అలా కనిపించిందని తనకు తాను చెప్పుకుని మర్నాడు పనికి పోయింది. మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

ఈలోగా వీధి ఖాళీ అయిపోతోంది. కట్టలేక ఒక్కొక్కరే రాత్రికి రాత్రి సామాను సర్దుకున్నారు. వాళ్లటు వెళ్లగానే ఎవరో వచ్చి ఆ ఇళ్ల తలుపులు, కిటికీలు, గోడల్లో వైర్లు పీక్కుపోయేవాళ్లు. రాత్రి వ్యాను దిగి నడుస్తుంటే ఇటూ అటూ నోళ్లు తెరుచుకున్న ఇళ్లే. ఆ వరసలో తన ఇంట్లో ఒక్క బల్బు వెలుగుతుంటే, వదిలి పారిపోయిన వాళ్లకన్నా తాను నయమని హెర్లిండా గర్వపడేది.

ఆ గర్వం అప్పు ఆఫీసులో దిగిపోయింది. పద్నాలుగేళ్లు కట్టాక, ఇంకెంత మిగిలిందో కనుక్కుందామని వెళ్లింది. కౌంటర్లో కుర్రాడు మర్యాదస్తుడే, కంప్యూటరు ఆవిడ వైపు తిప్పి చూపించాడు. మొదట తీసుకున్న దానికన్నా ఇప్పుడున్న బాకీయే ఎక్కువ. హెర్లిండా రెండుసార్లు చూసి, పొరపాటు పడ్డావేమో బాబూ అంది. లేదండీ, ఏటేటా కూలి పెరిగింది కదా, పైన వడ్డీ ఉంది, మీరు కట్టిందంతా ఆ పెరుగుదలకే చాలీచాలకుండా పోయింది అన్నాడు.

"మరి నేనింతకాలం దేనికి కట్టినట్టు?"

కుర్రాడు కాస్త ఇబ్బందిపడ్డాడు. ఊరడించాలనే అన్నాడు పాపం. "ఇంట్లో ఉంటున్నారు కదా సెన్యోరా. ఉన్నందుకు అనుకోండి."

తిరుగు బస్సంతా ఆ మాటే చెవిలో పోరింది. ఉన్నానా? ఎప్పుడు ఉన్నాను? బస్సుల్లో గడిపిన బతుకు, దుప్పట్ల మధ్య గడిపిన బతుకు, వేరేవాళ్ల ఇళ్లు తుడుస్తూ గడిపిన ఆదివారాలు తీసేస్తే, ఆ ఇంట్లో ఆవిడ కళ్లు తెరుచుకుని ఉన్నది ఎంతసేపని చూస్తే, మిగిలింది గిన్నెడు చల్లారిన సూపు. ఇంటి ధర పెసోల్లో ఉందనుకోవడం ఎంత తెలివితక్కువతనమో అప్పుడు తెలిసింది. తెలిసి ఏం చేస్తుంది? ఇంతా కట్టి సగంలో వదిలేస్తే మరీ నాశనం. తీరిపోయిన రోజున మొదట ఆ ఎండలో కూర్చుంటాను, దఫ్నెని ఎదురుగా కూర్చోబెట్టుకుంటాను అని ఒట్టేసుకుంది. ఆ ఒక్క కోరికే ఆవిడని నడిపించింది.

కొన్నేళ్లకి కూలి లెక్కన రాసిన పాత అప్పుల్ని పెసోల్లోకి మార్చుకోవచ్చన్నారు. అందులో కొంత మాఫీ చేశారు కూడా. హెర్లిండా దాచుకున్నదంతా ఊడ్చి పోసింది. చివరి వాయిదా కట్టి బయటికొచ్చి మొత్తం లెక్కేసుకుంటే, అలాంటి ఇళ్లు మూడు కొనే డబ్బు కట్టింది. ఒక ఇల్లు తనకి, మిగతా రెండు గాలికి. పోనీలే అనుకుంది. లాండ్రీకి సెలవు చెప్పేసింది. అప్పు తీరిందని రాసిచ్చిన కాగితం సంచిలో పెట్టుకుని, దఫ్నెకి ఇష్టమని చక్కెర అద్దిన రొట్టెలు కొంది. ఆ ఇష్టం చిన్నప్పటిది. ఇప్పుడు దఫ్నెకి ఇరవై ఏళ్లు, పొద్దున కాలేజీకి వెళ్లి మధ్యాహ్నానికి ఇల్లు చేరుతుంది. రాత్రిపూట ఎదురుపడితే ఊరి నుంచొచ్చిన అత్తతో మాట్లాడినట్టు మర్యాదగా మాట్లాడుతుంది.

మధ్యాహ్నపు ఎండలో వ్యాను దిగింది. వెలుతుర్లో వచ్చింది ఎప్పుడో ఆ జ్వరమొచ్చినరోజే, వీధి ఏదో పోల్చుకోలేకపోయింది. చీకట్లో కాళ్లకి తెలిసిన దారి వెలుతుర్లో కళ్లకి తెలియదు. అటూ ఇటూ తిరిగి చివరికి దోన్యా కూకా గొంతు ఆనవాలు పట్టి వచ్చింది. పెద్దావిడ గుమ్మం ముందు కూర్చుని కూరకని నాగజెముడు మట్టల ముళ్లు గీకుతూ ఏదో పాడుకుంటోంది. హెర్లిండాని చూసి చెయ్యి అడ్డం పెట్టుకుని పరకాయించింది.

"ఎవరు కావాలి సెన్యోరా?"

"నేను, దోన్యా కూకా. హెర్లిండాని."

పెద్దావిడ గలగలా నవ్వింది. "భలేదానివే. హెర్లిండా లోపల పిండి కలుపుతోంది. ఇప్పుడే ఉప్పు అడిగి పట్టుకెళ్లింది." అని మెడ తిప్పి కేకేసింది. "హెర్లిండా, నీకోసం ఎవరో వచ్చారే."

తలుపు తెరుచుకుంది. గుమ్మంలో హెర్లిండా నిలబడి ఉంది. అదే ముఖం, అదే వయసు. కానీ ఆవిడ వీపు వంగలేదు. ముంజేతులు ఎండకి చక్కగా నల్లబడ్డాయి. కళ్ల పక్కన నవ్వి నవ్వి పడిన గీతలున్నాయి, హెర్లిండాకి ఉన్నవి నుదుటి మీద. ఆవిడ కంగారుపడలేదు. ఎప్పటికైనా వస్తుందని తెలిసిన మనిషి వచ్చినట్టు తల ఊపి, చేతుల పిండి గుడ్డకి తుడుచుకుంది.

"అయిపోయిందా?" అంది.

హెర్లిండా సంచిలోంచి కాగితం తీసింది. ఎందుకు చేతికిచ్చిందో ఆవిడకే తెలియదు, ఇన్నేళ్లుగా ఈ ఇంటికి తెచ్చి ఇవ్వడమే తప్ప ఇంకోటి అలవాటు లేదు కాబోలు. పగటి ఆవిడ ఆసాంతం చదివి, అంచులు చూసుకుని మడిచి, జేబులో పెట్టుకుంది. చాలా కష్టపడ్డావు అంది. ఆ మాటలో వెటకారం లేదు, అదే భయంకరంగా ఉంది.

వెనకాల నుంచి దఫ్నె వచ్చింది. నోట్లో ఇంకా ముద్ద ఉంది. ఎండలో కూతురి జుట్టు గోధుమరంగులో మెరుస్తుందని హెర్లిండాకి అప్పటిదాకా తెలియదు. దఫ్నె ఆవిడని చూసింది, ఆకాశం వైపు చూసింది, మళ్లీ ఆవిడని చూసింది. నిజంగా అర్థంకాక అడిగింది.

"ఇంకా చీకటి పడలేదు కదమ్మా. ఇప్పుడే వచ్చేశావేం?"

హెర్లిండా లోపలికి అడుగేయబోతే పగటి ఆవిడ జరగలేదు, తోయనూ లేదు, ఉన్నచోటే ఉంది. ఇది నా ఇల్లు అంది హెర్లిండా. చీకట్లో లేచి చీకట్లో పడుకుని కట్టాను, ప్రతి రాయీ నేనే కట్టాను, ఇది నాది.

"ఇల్లు నీదే అమ్మా, ఎవరు కాదన్నారు?" అంది దఫ్నె. పిచ్చివాళ్లని సముదాయించినట్టు నెమ్మదిగా అంది. లోపలికెళ్లి ఓ స్టూలు తెచ్చి గోడ నీడన వేసింది. "కూర్చో. పొద్దుగూకడానికి ఎంతోసేపు పట్టదులే." రొట్టెల సంచి చూసి ఇష్టంగా అందుకుని, తలుపు దగ్గరికి వేసింది.

హెర్లిండా కూర్చుంది. లోపల నవ్వులు, గరిటె చప్పుడు. కిటికీ ఊచల్లోంచి తొంగిచూస్తే వంటగది కనిపించింది. అమ్మకందార్లు అబద్ధం చెప్పలేదు. ఎండ సరిగ్గా బల్ల మీదే పడుతోంది. బల్లకి అటొకరు ఇటొకరు కూర్చుని రొట్టెలు తుంచుకుంటున్నారు, రాలిన చక్కెర బల్లంతా తళతళలాడుతోంది. రెండే కుర్చీలు ఉన్నాయి. కాసేపటికి దఫ్నె మిగిలిన సూపు ఓ గిన్నెలో పోసి, పైన పళ్లెం బోర్లించి, రాత్రికని పక్కన పెట్టింది. హెర్లిండా తాళంచెవి గుప్పిట్లో పట్టుకుని, ఎండ ఎప్పుడు దిగుతుందా అని చూస్తూ కూర్చుంది.