గంట కొట్టగానే అవతలి పక్షం

మొన్న ఆదివారం, ఆరిన బట్టలు మడతపెడుతూ నేను మా ఆయన తరఫున వాదిస్తున్నాను. ఆయన ఇంట్లో లేరు. అత్తయ్య పక్కగదిలో కునుకు తీస్తున్నారు. అడిగినవాళ్ళు లేరు, వినేవాళ్ళు లేరు. అయినా ఆయన చొక్కా కాలరు సరిచేస్తూ, ‘అవును మరి, ఆయన అన్నదాంట్లో తప్పేముంది, అబ్బాయికి ఇది ముఖ్యమైన సంవత్సరం’ అనుకున్నాను. దిండు గలీబులు మడిచేలోగా, ‘అత్తయ్య మోకాళ్ళు అంతంతమాత్రం, చీకటి పడేదాకా స్కూల్లో కూర్చుంటే ఇల్లు ఏం కావాలి’ అనేశాను. తువ్వాళ్ళ దగ్గరికి వచ్చేసరికి ఆయనకు తట్టని పాయింటు కూడా ఒకటి దొరికింది. హెడ్మిస్ట్రెస్‌నైతే సెలవుల్లో కూడా వెళ్ళాలి కదా. భలే దొరికిందని ఒక్క క్షణం సంబరపడ్డాను కూడా. ఆ సంబరం చూసుకున్నాక నా మీద నాకే ఒళ్ళు మండింది.

విషయం ఏమిటంటే, మా హెడ్మాస్టరు, పెద్దసారు, ఈ నెలాఖరుకు రిటైరవుతున్నారు. వరసలో తర్వాత పేరు నాది. ఒప్పుకుంటారా, వద్దంటారా, శుక్రవారం లోపల రాసివ్వమని పైనుంచి కాగితం వచ్చింది. ఇంతకు ముందు రెండుసార్లు ఈ ప్రమోషన్ వస్తే రెండుసార్లూ వద్దని సంతకం పెట్టాను. కాగితం మీద కుటుంబ పరిస్థితులని రాసినా, నోటితో దూరం అన్నాను, అప్పుడు నిజంగా దూరమే. మూడోసారి కూడా వద్దంటే ఇక జాబితాలోంచి తీసేస్తారట. ఈసారి వచ్చింది మా బడికే. ఇంటి నుంచి నడిచి వెళ్ళే బడి, ఇన్నేళ్ళుగా నేను లెక్కలు చెబుతున్న బడి. దూరమనే సాకు చేతిలోంచి జారిపోయేసరికి పాపం ఇంట్లోవాళ్ళు కొత్తవి వెతుక్కోవలసి వచ్చింది.

మా ఆయన వద్దని ఎప్పుడూ అనరు. అదే ఆయన గొప్ప. “నేను వద్దనడం లేదు, నీకే కష్టమని చెబుతున్నాను” అంటారు. కాసేపాగి, ఆ స్టాఫులో సగంమంది నీకంటే పెద్దవాళ్ళు, ఆడమనిషి చెబితే వింటారా అంటారు. ఇంకాసేపాగి, ఇప్పుడు మనకేం తక్కువైందని అంటారు. అబ్బాయి కాలేజీ నుంచి వచ్చేసరికి ఇంట్లో ఎవరూ లేకపోతే వాడు చదువుతాడా అంటారు. ఆయన బ్యాంకు నుంచి వాడికంటే ముందే ఇంటికొస్తారు. ఆ ‘ఎవరూ’లో తానూ వస్తానని ఆయనకు ఎప్పుడూ తోచలేదు. అత్తయ్యది ఒకటే మాట. హెడ్మాస్టరు పెళ్ళాన్ని చూశాం గానీ, పెళ్ళామే హెడ్మాస్టరైతే ఇంట్లో ఎవరికి ఎవరు సెలవు చీటీ ఇవ్వాలి అని. నవ్వొచ్చే మాటే. నేనూ నవ్వాను. నవ్వాక కూడా అది నొప్పిగానే ఉంది.

ఇలా అవతలివాళ్ళ తరఫున మాట్లాడటం నాకు కొట్టిన పిండి. దానికి మా బడే కారణమేమో. మా బడి మూతపడిన నూనెమిల్లు గోడౌనులో పుట్టింది. ఇప్పటికీ వాన పడితే ఎనిమిదో తరగతి గదిలో నూనె వాసన వస్తుంది, ఆ వాసనకి నిద్ర వస్తుందని పిల్లలు నా పీరియడ్‌లో సాకు చెబుతారు. తర్వాత మేడ కట్టారు, ల్యాబు వచ్చింది, రెండు బీరువాల లైబ్రరీ వచ్చింది. చాలాకాలం మగపిల్లల బడే. ఆడపిల్లల్ని చేర్చుకున్న ఏడు కొత్త గదులేవీ కట్టలేదు, గోడవార ఒక బెంచీల వరస వేశారంతే. ఫలితాలు బాగుంటాయి. గేటు దగ్గర బోర్డు మీద ప్రతి ఏడూ పాసైన శాతం రంగుతో రాయిస్తాం.

అన్నిటికంటే మా బడికి పేరు తెచ్చింది వార్షికోత్సవంలో జరిగే చర్చా పోటీ. మొదటి హెడ్మాస్టరు పెట్టిన పద్ధతి అది, ఇంకెక్కడా చూడలేదు. చీటీ తీస్తే వచ్చిన పక్షం మీద నాలుగు నిమిషాలు మాట్లాడాలి. గంట కొడతారు. గంట కొట్టగానే, అదే నిలబడిన చోట, అవతలి పక్షం తీసుకుని రెండు నిమిషాలు అంతే గట్టిగా మాట్లాడాలి. మార్కులు ఎక్కువ ఆ రెండు నిమిషాలకే. ఎదుటివాడి మాట తన నోటితో చెప్పగలిగినవాడికే తన మాట చెప్పే అర్హత అని ఆ హెడ్మాస్టరు నమ్మకం. మా ఆయన కూడా ఈ బడిలోనే చదివారు. ‘పల్లె మేలా, పట్నం మేలా’ మీద గెలిచిన కప్పు మా ముందుగదిలో ఉంది. దాని దుమ్ము నేనే తుడుస్తాను.

డాన్సులు, ముగ్గురు అతిథులకు పూలగుత్తులు, స్టేజీ గుడ్డలు, చర్చా పోటీ, ఇలాంటివన్నీ ‘లేడీ టీచర్లు చూసుకుంటారు’ అని నా మెడకు పడి చాలా ఏళ్ళయింది. గంట నా చేతిలో ఉంటుంది. అందుకే పిల్లలు నన్ను గంట మేడమ్ అంటారు. ఇన్నేళ్ళలో నేను చూసిందొకటి ఉంది. గంట కొట్టాక మగపిల్లలు తడబడతారు. నీళ్ళు నములుతారు, చొక్కా గుండీ తిప్పుకుంటారు, మళ్ళీ తమ పాత పక్షంలోకే జారిపోతారు. ఆడపిల్లలు మాత్రం ఊపిరి తీసుకోకుండా అటు దూకేస్తారు. జడ్జీలు మెచ్చుకుంటారు, ఎంత అర్థం చేసుకునే మనసండీ వీళ్ళది అని. నేనూ పొంగిపోయేదాన్ని, నా శిక్షణే అనుకునేదాన్ని. ఆ శిక్షణ వాళ్ళకు ఇంట్లోనే పూర్తయి వస్తోందని, పోటీ జరిగిన మొన్న బుధవారం దాకా నా బుర్రకు ఎక్కలేదు.

ఈ ఏడు విషయం, ‘రోజూ ఆటల పీరియడ్ అవసరమా?’ తొమ్మిదో తరగతి పిల్ల ఒకతి ఉంది, క్లాసంతా లాయరు అని పిలుస్తారు. దానికి ‘అవసరమే’ వచ్చింది. ఆరోగ్యం, వ్యాయామం అని మొదలుపెడుతుందనుకున్నాను. అది మైకు కొంచెం కిందికి దించుకుని, మన బడిలో ఆటల పీరియడ్ సగంమందికి లేదు అంది. గ్రౌండంతా అబ్బాయిలది, మేము గోడ పక్కన కూర్చుని వాళ్ళ బ్యాగులకు కాపలా కాస్తాం అంది. మీ అక్షరాలు గుండ్రంగా ఉంటాయని టీచర్లు ఆ పీరియడ్‌లోనే పిలిచి చార్టులు రాయిస్తారు, మీటింగుకి కుర్చీలు వేయిస్తారు, నిన్న ఈ స్టేజీకి గుడ్డలు కట్టింది కూడా మేము ఆటల పీరియడ్‌లోనే అంది. కట్టించింది నేనే. తల ఎత్తలేకపోయాను. టైము చూసుకుని గంట కొట్టాను.

ఆ పిల్ల నావైపు తిరిగి, “నాది ఇంకా అయిపోలేదు మేడమ్” అంది.

హాలంతా నవ్వింది. పక్షం మార్చమని సైగ చేసి మళ్ళీ కొట్టాను. అది కదల్లేదు. “అవతలి పక్షం మేము రోజూ వింటూనే ఉన్నాం. ఇది చెప్పడానికి ఇప్పుడే నాలుగు నిమిషాలు దొరికాయి” అంది. తన మాటే ఇంకో రెండు నిమిషాలు మాట్లాడి దిగిపోయింది. మార్కులు సున్నా. దానితో ఫైనల్లో మిగిలి, గంట కొట్టాక నీళ్ళు నమిలిన అబ్బాయికి కప్పు వెళ్ళింది.

పెద్దసారు నన్ను పక్కకు పిలిచి, పిల్లకి పొగరెక్కువైంది, మీరైనా నాలుగు చీవాట్లు పెట్టండి అన్నారు. పెట్టడానికే వెళ్ళాను. అది మెట్ల దగ్గర ఒక్కతే కూర్చుని ఏడుస్తోంది. పక్కన కూర్చుని, ఇంకా ఏమైనా మిగిలిందా అని అడిగాను. చాలా ఉంది మేడమ్ అంది. చెప్పమన్నాను. అది ముక్కు ఎగబీలుస్తూ చెబుతూ ఉంటే వింటూ కూర్చున్నాను. దాని వయసులో నాకు అలాంటి మాట ఒక్కటి నోటికి వచ్చి ఉంటే అనిపించి, దాని మీద ప్రేమా, అసూయా రెండూ కలిగాయి.

గురువారం భోజనాల దగ్గర మా ఆయన, రేపే కదా కాగితం ఇవ్వాల్సింది అని గుర్తు చేశారు. అప్పటికే తేలిపోయిన సంగతిని గుర్తు చేసినట్టు ఉంది ఆ గొంతు. కూర వడ్డించడం ఆపి అడిగాను.

“ఒక్క పని చేస్తారా? మీరు కప్పు గెలిచిన మనిషి. ఒక్క రెండు నిమిషాలు నా పక్షాన మాట్లాడండి.”

ఆయనకు సరదా వేసింది. పాత రోజులు గుర్తొచ్చి కుర్చీలో నిటారుగా కూర్చున్నారు. గంట కొట్టు మరి అన్నారు. చెంచాతో గ్లాసు మీద కొట్టాను. ఆయన గొంతు సవరించుకుని, మా ఆవిడ ఈ పదవి తీసుకోవాలి అని మొదలుపెట్టారు. జీతం పెరుగుతుంది, అబ్బాయి కాలేజీ ఫీజుకి పనికొస్తుంది అన్నారు. నలుగురిలో మనకు గౌరవం అన్నారు. బడి దగ్గరే కాబట్టి వంట చేసుకునే వెళ్ళొచ్చు అన్నారు. అక్కడ ఆగారు. కూర గిన్నె వైపు చూశారు, మంచినీళ్ళు తాగారు. ‘ఇంకా...’ అన్నారు. నేను ఎదురుచూస్తున్నాను. నిజంగానే ఎదురుచూశాను, ఏదో ఒకటి వస్తుందని. పెళ్ళయిన ఇన్నేళ్ళకు, ఈ మనిషి ఆ కుర్చీలో కూర్చుంటే ఏం చేయాలనుకుంటుందో ఒక్క ముక్కయినా ఆయన నోట వస్తుందని. రాలేదు. అది ఆయనకూ తెలిసినట్టుంది, ముఖం కొంచెం చిన్నబోయింది.

“ఇంకేముంటుంది?” అన్నారు చివరికి.

అప్పుడు అత్తయ్య కంచంలోంచి తల ఎత్తకుండా, “ఆ పని తనకు చేతనవును కాబట్టి. ఆ ఒక్కటీ అనవేంరా?” అన్నారు.

మేమిద్దరం ఆవిడ వైపు చూశాం. ఆవిడ ఆగలేదు. బడి గంట కొట్టడం నుంచి పరీక్షల దాకా కోడలే చూస్తుందట, సంతకం ఒక్కటే ఆయనెవరో పెడతాడట, ఆ సంతకం కూడా తనే పెట్టుకుంటే పోయేదేముంది అన్నారు. నేను వంటింట్లో ఫోనులో మాట్లాడే మాటలన్నీ ఆవిడ ఇన్నాళ్ళూ విన్నారన్నమాట. ఆవిడ నా ముఖం చూసి వెంటనే, “పోటీ అన్నావని చెప్పానమ్మాయ్. నన్నడిగితే వద్దనే అంటాను. పొద్దున్నే నాకు టీ ఎవరు పెడతారు?” అన్నారు.

నవ్వొచ్చింది, ఏడుపూ వచ్చింది. మా ఆయన కూడా నవ్వి, సరే సరే, ఇక నీ పక్షం నువ్వే చెప్పు, గెలిస్తే కప్పు నీదే అన్నారు. నోరు తెరిచాను. అబ్బాయి చదువు, అత్తయ్య మోకాళ్ళు, స్టాఫు ఏమంటారో, అలవాటైన మాటలే నాలుక మీదికి వచ్చి నిలబడ్డాయి. వాటిని మింగేసి, నెమ్మదిగా చెప్పాను. గ్రౌండు రోజు మార్చి రోజు ఆడపిల్లలకు ఇస్తాను. లైబ్రరీ బీరువాలకు తాళం తీయిస్తాను. కుర్చీలు ఎవరు ఖాళీగా ఉంటే వాళ్ళు వేస్తారు. పదో తరగతి లెక్కలు నేనే చెబుతాను, హెడ్మిస్ట్రెస్‌నైనా సరే. చెబుతున్నకొద్దీ నా గొంతు నాకే కొత్తగా వినిపించింది.

“ఇవన్నీ పక్కన పెట్టినా, నాకు అది కావాలి” అన్నాను. “ఇన్నాళ్ళూ ఆ మాట తప్ప అన్నీ చెప్పాను.”

మా ఆయన కంచం పక్కకు జరిపి, ఆలోచించుకో, నీ ఇష్టం అన్నారు. ఆ మాటలో కొంచెం కోపం ఉంది, కొంచెం భయమూ ఉంది. ఇంకెప్పుడైనా అయితే ఆ రెండింటినీ పోగొట్టడానికి నేను అప్పటికప్పుడే రెండు మెట్లు దిగేదాన్ని. నిన్న దిగలేదు. కంచాలు తీసి కడిగాను, అంతే.

ఈ ఉదయం అత్తయ్యకు టీ పెట్టి, డబ్బాలు సర్ది, ఎప్పటిలాగే బడికి నడిచాను. దారంతా వాదన కోసం నాలో నేను వెతికాను, ఎవరి తరఫునా ఏమీ దొరకలేదు. ఆఫీసు గదిలో పెద్దసారు పేపరు చదువుతున్నారు. గుమాస్తా మంచివాడు, నా పని తేలిక చేయాలని, వద్దని రాసిన కాగితం ముందే సిద్ధంగా పెట్టాడు.

“కారణం పోయినసారిదే ఉంచాను మేడమ్. ‘కుటుంబ పరిస్థితుల దృష్ట్యా’ అని. పరిస్థితులేమైనా మారాయా?”

“లేదండీ, అవేమీ మారలేదు” అన్నాను. “చేరుతున్నానని రాయండి.”