గోడకు కొట్టిన చెయ్యి

కొజుయేకు పదహారేళ్లు. ఊహ తెలిసినప్పటి నుంచీ అమ్మాయిల కోసం గీసే మాంగా బొమ్మల కథలే చదివింది. బడిలో మాంగా క్లబ్బు పత్రికకు తను గీస్తున్న కథా అలాంటిదే. నాయిక ముఖంలో సగం కళ్లే. అబ్బాయి ఎదురైతే చుట్టూ పూలు రాలతాయి, నోట్లోంచి "అదీ... నేనూ..." తప్ప మాట పెగలదు.

ఒక మంచు సాయంత్రం, బడి గుమ్మంలో బూట్లు మార్చుకునే అరల దగ్గర పక్క తరగతి హిరోసె అడ్డం వచ్చాడు. పొడగరి, బాస్కెట్‌బాల్ ఆటగాడు. మాంగాలో అబ్బాయిల్లాగే ఆమె తల పక్కన గోడ మీద అరచేత్తో ఠప్పున కొట్టాడు.

"కళ్లద్దాలు తియ్," అన్నాడు గొంతు బొంగురు చేసుకుని.

కొజుయే గుండె ఝల్లుమంది. తీసేసింది. మరుక్షణం అతని ముఖం ఉడికిన ముల్లంగి ముక్కలా అలుక్కుపోయింది. మధ్యాహ్నం అతను తిన్న కర్రీ బన్ను వాసన మాత్రం గుప్పుమంది.

"ఇలాగే బాగున్నావ్. ఇవాళ్టి నుంచి నువ్వు నాదానివి. నా వంకే చూడు."

"చూద్దామంటే నువ్వు కనబడి చస్తేగా!" అంటూ అద్దాలు పెట్టేసుకుంది. "ఇంతకీ నా పేరేంటి?"

"కజుయే... కదూ?"

"కజుయే మా పెద్దమ్మ. వెళ్లి ఆవిణ్ణి అడుగు, ఒప్పుకుంటుందేమో."

హిరోసె చెవులు ఎర్రబడ్డాయి. "మా అక్క చదివే మాంగాల్లో ఇలాగే ఉంటుందిగా," అని గొణిగాడు.

సంగతి విని స్నేహితురాలు చినామి నెత్తి కొట్టుకుంది. "ఒసేయ్ పిచ్చిమొహమా! అద్దాలు తీస్తే అరిగిపోతావా?"

"అరిగిపోను. గోడలు గుద్దుకుంటాను."

ఇంటికెళ్లి కొజుయే తన బొమ్మలు ముందేసుకుంది. ఈ గుడ్లప్పగింపు మొద్దునా ఇన్నాళ్లూ ముద్దుగా గీసింది? వాడెవడో తియ్యమనగానే తీసిన తనూ దీనికి చెల్లెలేగా! ఆ రోషంతోనే నాయికకు లావుపాటి కళ్లద్దాలు గీసింది. పూలన్నీ తెల్లరంగుతో చెరిపేసి, "దారికి అడ్డం లే" అని ఆమె నోట మాట రాసింది.

"ఇదీ ఒక ప్రేమకథేనా? ఎవరు చదువుతారే?" అని మర్నాడు అది చూసి చినామి మూతి విరిచింది.

నెల తిరక్కుండా చినామే హిరోసె పక్కన నడుస్తోంది. అతనికి నచ్చలేదని నడుము దాకా ఉన్న జుట్టు కత్తిరించేసుకుంది. కొజుయేను చూసి సిగ్గుగా నవ్వింది. కొజుయే తిరిగి నవ్వలేదు. "ఛీ" అనుకుంది గట్టిగానే. ఆ మధ్యాహ్నం మాత్రం క్లబ్బు గదిలో, చినామి రోజూ కూర్చునే ఖాళీ కుర్చీ ఎదుట, ఒంటరిగా అన్నం ముద్ద తింది.