ఇప్పపువ్వు తోరణం

గురువులు ఆ వారమంతా ఒక్క చుక్క ముట్టుకోలేదు. అయినా అతని పెరట్లో గుండిగ నిండా సారా ముడిసరుకు తయారవుతోంది. ఆ సంగతి అతనికే తెలియదు.

గురువులు ఒడిశాలోని రాయగడ రైల్వేలో సిగ్నల్ టెక్నీషియన్. పోయిన క్రిస్మస్‌కి పూటుగా తాగి చర్చికి వచ్చి, పాస్టరుగారు ప్రసంగం ముగించగానే లేచి నిలబడి "వన్స్ మోర్" అని అరిచాడు. సంఘం అతన్ని బల్లకి దూరం పెట్టింది. అంటే రొట్టె, ద్రాక్షరసం పంచేటప్పుడు అందరూ ముందుకి నడుస్తుంటే అతను మాత్రం ఆఖరి బెంచీలో పిల్లల మధ్య కూర్చోవాలి. తలెత్తి నడిచే భార్య జయంతికి ఆ ఆదివారాలు నరకంలా ఉండేవి.

ఈస్టర్ నుంచి అతను మానేశాడు. నిజంగానే మానేశాడు. సంఘం పెద్దలు కూర్చుని తీర్మానించారు. క్రిస్మస్ ఉదయం అతన్ని మళ్లీ బల్ల దగ్గరకి పిలుస్తారు. ఈలోగా ఒక్క ఫిర్యాదు వచ్చినా ఇంకో ఏడాది ఆఖరి బెంచీ.

తాగుడు మానేసిన మనిషికి అసలు శత్రువు సాయంత్రం. డ్యూటీ దిగి ఇంటికొస్తే చేతులు ఊరుకోవు. సరిగ్గా అప్పుడే పాస్టరుగారు ప్రకటించారు: ఈసారి చర్చికి థర్మాకోల్ వద్దు, ప్లాస్టిక్ వద్దు, ఎవరింట్లో వాళ్లు చేతులతో చేసి తేవాలి. గురువులు ఆ పని మీద పడ్డాడు. వెదురు చీల్చి నక్షత్రాలు కట్టాడు. అడ్డాకులు కుట్టి గంటలు చేశాడు. చోడిగడ్డి మెలేసి దేవదూతలు చేశాడు. మైదా ఉడకబెట్టిన జిగురు అతని మోచేతుల దాకా పాకింది.

"తాగినప్పుడు నువ్వొక్కడివే అడ్డంగా పడుండేవోడివి. ఇపుడు కాలెట్టడానికి సోటు లేదు," అంది జయంతి, దేవదూతల్ని దాటుకుంటూ.

"ఓర్సుకోయే. ఇంకొక్క తోరణం ఉన్నాది."

ఆ తోరణమే కొంప ముంచింది.

ఏటా చర్చి గోడలకి ప్లాస్టిక్ పూసల దండలు వేలాడేవి. వాటి బదులు ఏం పెట్టాలా అని గురువులు బుర్ర గోక్కుంటుంటే కూతురు లిప్సా ఫోనులో ఓ వీడియో చూపించింది. ఎక్కడో మంచు దేశంలో ఒకావిడ ఎండిన కమలాపండు చక్రాల్ని పంచదార పాకంలో ముంచి, దారానికి గుచ్చి వేలాడదీస్తోంది. అవి అద్దంలా మెరుస్తున్నాయి.

"మనకాడ ఏటి దొరుకుతాదమ్మీ అలాటిది?"

"హాటకెళ్లి చూడు నాన్నా. గుండ్రంగా, ఎండిపోయినవి ఏవైనా సరే."

సంతలో అతనికి అవి దొరికాయి. గోనెపట్టా మీద కుప్పగా పోసిన ఎండు ఇప్పపూలు. చిన్నగా, గుండ్రంగా, పాతబంగారం రంగులో ఉన్నాయి. వాటితో సారా కాస్తారని అతనికీ తెలుసు. కానీ గురువులు తాగిన రోజుల్లో సీలున్న ఇంగ్లీషు సీసాలే తాగాడు. సారా అంటే కొండల్లో భట్టీ, గొట్టాలు, పెద్ద తతంగం అనుకున్నాడు. పువ్వు ఉత్త పువ్వే కదా అనుకున్నాడు.

"సంచీ నిండా పొయ్యి," అన్నాడు.

అమ్మే కొండావిడ అతన్ని ఎగాదిగా చూసి "బాహాఘర కి?" అంది. ఇంట్లో పెళ్లా అని.

"పెళ్లి కాదు. చర్చికి."

ఆమె నవ్విన నవ్వుకి చేతిలో కొలిచే డబ్బా కింద పడింది. ఆ నవ్వెందుకో అడగాలని గురువులుకి తోచలేదు.

ఇంటికొచ్చాక సూది గుచ్చితే పువ్వు పెళుసుగా విరిగిపోయింది. నానబెట్టాలి. ఉత్త నీళ్లలో నానితే మెత్తబడుతుంది గానీ మెరవదు. అందుకని బెల్లం కరిగించి పోశాడు. డిసెంబరు చలికి నానడం లేదని గుండిగని నీళ్లకాగు పొయ్యి పక్కకి జరిపాడు. ఎలకలు పడకుండా మూత పెట్టి, మూత మీద రాయి పెట్టాడు. సారా కాచేవాడు పక్కన కూర్చుని నేర్పించినా అంత శ్రద్ధగా చేసేవాడు కాదు. తరువాత వెదురు నక్షత్రాలకి రంగుకాగితం అంటించే పనిలో పడి గుండిగ సంగతే మర్చిపోయాడు.

క్రిస్మస్ ముందురోజు, దీపాలు పెట్టే వేళ, క్యారల్స్ బృందం అతని ఇంటికి వచ్చింది. ముందు పాస్టరుగారు. ఆయన వెనక సంఘం కార్యదర్శి, రిటైరైన రైల్వే గార్డు త్రినాథరావు, కొత్త ఉన్ని స్వెట్టర్‌లో. ఆ వెనక డోలక్ మోసుకుంటూ దేబాశిష్. అతను ఎక్సైజులో కానిస్టేబుల్, పండక్కి సెలవు పెట్టి పాటల్లో చేరాడు.

పాట రెండో చరణంలో త్రినాథరావు గొంతు ఆగింది. ఆయన ముక్కు గాలిలో పైకి లేచింది. ఆయన వెనక గొంతులు ఒక్కొక్కటే ఆగాయి. చివరికి డోలక్ కూడా ఆగింది.

ఆ నిశ్శబ్దంలో పెరట్లోంచి టకటకమని చప్పుడు. గుండిగ మూత, రాయితో సహా, కదులుతోంది.

త్రినాథరావు గుమ్మం దాటి, దేవదూతల్ని దాటి, నేరుగా పెరట్లోకి నడిచాడు. రాయి తీశాడు. మూత ఎత్తాడు. కంపు ఆయన మొహాన కొట్టింది. లోపల నురగ కింద పువ్వులు బుడబుడలాడుతున్నాయి.

"గురువులూ! ఏట్రా ఇది?"

"తోరణం, బాబాయ్."

"తోరణం బుడగలేస్తాదేట్రా?"

దేబాశిష్ వంగి ఒక్కసారి వాసన చూసి వెంటనే నిటారుగా నిలబడ్డాడు. "భాయి, ఇది సారా కాచే పోచ. పక్కా పోచ. భట్టీ ఎక్కించడమే తక్కువ."

తెల్లారితే క్రిస్మస్. ఈస్టర్ నుంచి గురువులు ఒక్కో సాయంత్రం పళ్లు బిగించి దాటుకుంటూ వచ్చాడు. ఇప్పుడు ఒడ్డున పడే ముందు ఈ గుండిగ.

"ఒట్టు, అయ్యగారూ! గుచ్చుదామని నానేసేను! బెల్లవైతే మెరుస్తాదని..."

"బెల్లం కూడా ఏసేవా!" అన్నాడు దేబాశిష్, భక్తితో.

"పొయ్యి పక్కన ఎందుకెట్టేవు?" అన్నాడు త్రినాథరావు.

"సలికి."

ఎవరో కిసుక్కుమన్నారు. పాస్టరుగారు కళ్లు మూసుకున్నారు. ప్రార్థన చేస్తున్నారో, నవ్వు ఆపుకుంటున్నారో తెలియలేదు.

అప్పుడు జయంతి వంటగదిలోంచి వచ్చింది. ఎవర్నీ ఏమీ అడగలేదు. మొగుడి గడ్డం పట్టుకుని కిందకి వంచి, నోటి దగ్గర ముక్కు పెట్టి గట్టిగా పీల్చింది.

"ఉల్లిపాయ పులుసు," అంది. "ఇంకేటీ లేదు. ఈ నోటి వాసన చూడ్డంలో నన్ను మించినోళ్లు ఈ కాలనీలో ఉంటే రమ్మనండి."

ఎవరూ రాలేదు. కానీ త్రినాథరావు వదల్లేదు. "నోటికి నువ్వు సాచ్చివమ్మా. గుండిగకి ఎవులు సాచ్చి? ఇయ్యాల తాగలేదు. రేపు ఈ గుండిగ ఉంటాది, ఈడూ ఉంటాడు."

అది నిజమే. గురువులు గుండిగ ముందు గొంతుక్కూర్చుని, చేయి ముంచి గుప్పెడు పువ్వులు తీసి, దబ్బనానికి దారం ఎక్కించి గుచ్చడం మొదలుపెట్టాడు. ఒకటి. ఇంకొకటి. నురగ అతని మణికట్టు మీదుగా కారుతోంది. ముక్కుకి తువ్వాలు కట్టుకుని మొహం పక్కకి తిప్పుకుని గుచ్చుతున్నాడు.

"రేపు ఆరాధన వేళకి ఈ పువ్వులన్నీ చర్చి గోడ మీద ఉంటే ఇది తోరణం. గుండిగలో ఉంటే సారా. అంతే," అన్నారు పాస్టరుగారు.

"ఒక్కడివీ ఎలా గుచ్చుతావు నాన్నా?" అంది లిప్సా.

పాస్టరుగారు చొక్కా చేతులు మడిచి పీట లాక్కున్నారు. ఆయన కూర్చున్నాక మిగతావాళ్లకి నిలబడే ధైర్యం లేకపోయింది. సూదులు వచ్చాయి. దారపు ఉండలు వచ్చాయి.

"నీళ్లు నేను చూసుకుంటాను," అన్నాడు దేబాశిష్.

"ఏటి సూసుకుంటావు?" అన్నారు అందరూ ఒక్కసారే.

"పారబోస్తాను, భాయి! నా యూనిఫాం మీద ఒట్టు!"

అతని వెంట ఇద్దరు కాపలా వెళ్లి, చివరి చుక్క కాలువలో పడేదాకా చూసి వచ్చారు.

పులిసిన పువ్వు గుచ్చడం అంత తేలిక కాదు. జారుతుంది, పిసికితే పేలుతుంది, పేలితే ఎదుటివాడి మొహాన పడుతుంది. బెల్లం పాకం స్వెట్టర్లకి, శాలువాలకి, పాస్టరుగారి లాల్చీకి అంటుకుంది.

"బాబాయ్, నీ దండ వొంకరగా వత్తంది," అన్నాడు గురువులు.

"నోర్ముయ్యి. నీ బాగోతానికి నా కొత్త స్వెట్టరు బలి," అన్నాడు త్రినాథరావు. కానీ పోటీ పట్టినట్టు అందరికంటే పొడుగు దండ ఆయనే గుచ్చాడు.

మర్నాడు చర్చి చూడడానికి గొప్పగా ఉంది. కిటికీల్లోంచి ఎండ పడి ఇప్పపువ్వు తోరణాలు తేనెరంగులో మెరిశాయి. తేనెటీగలు కూడా అదే అనుకుని గుంపుగా వచ్చాయి. వాసన సంగతి వేరే చెప్పాలా? లోపలికొచ్చిన ప్రతి ఆడమనిషీ ముందు గోడని చూసింది, తరువాత మొగుణ్ని చూసింది.

గురువులు ఆఖరి బెంచీలో, తెల్లచొక్కాలో, పిల్లల మధ్య కూర్చున్నాడు.

"మన సహోదరుడు గురువుల్ని ఈరోజు తిరిగి బల్ల దగ్గరకి ఆహ్వానిస్తున్నాం," అన్నారు పాస్టరుగారు. "ఎవరికైనా అభ్యంతరం ఉందా?"

త్రినాథరావు లేచాడు.

జయంతి ముందు బెంచీ అంచుని పట్టుకుంది.

"ఉన్నాది, అయ్యగారూ. రాత్రి నాను ఇంటికెల్తే మా ఇంటిది తలుపు తియ్యలేదు. పాటలకెల్లి తాగొచ్చినావా అంది. పువ్వులు గుచ్చేనే అంటే, ఈ వయసులో కొత్త అబద్దాలు నేర్సినావా అంది. ఆ సలిలో వరండాలో పడుకున్నాను. నిజం సెప్తే నమ్మకపోతే ఎలాగుంటాదో..." ఆయన రుమాలుతో ముక్కు తుడుచుకున్నాడు. చలికో, మరెందుకో. "నా అబ్యంతరం మా ఇంటిదాని మీద. గురువులు మీద ఏటీ లేదు."

చర్చి కప్పు ఎగిరిపోయేలా నవ్వారు. ఆడవాళ్ల వైపు కూర్చున్న ఒకావిడ మాత్రం నవ్వలేదు.

"గురువులూ, ముందు నువ్వు రా," అన్నారు పాస్టరుగారు.

అతను నడిచాడు. పొడవాటి నడవ అది. రొట్టె ముక్క తీసుకున్నాడు, నోట్లో వేసుకున్నాడు, కళ్లు తుడుచుకున్నాడు. పాస్టరుగారు ఎండుద్రాక్ష నానబెట్టి తీసిన ద్రాక్షరసం గిన్నె అందించారు. గురువులు పెదవుల దాకా తీసుకెళ్లి ఆగిపోయాడు.

"అయ్యగారూ," గుసగుసగా అన్నాడు. "ఇది ఎపుడు నానేసేరు?"

"నిన్న."

"మూతెట్టేరా?"

"పెట్టాం."

"పొయ్యి పక్కన ఎట్టలేదు గదా?"

వెనక వరస పెరిగిపోతోంది. తేనెటీగ ఒకటి పాస్టరుగారి చెవి చుట్టూ తిరుగుతోంది. ఆయన ఓపిక అయిపోయింది. కాలరుకున్న మైకు సంగతి మర్చిపోయారు.

"తాగు గురువులూ, తాగు!"

ఆ మాట స్పీకర్లలోంచి రైల్వే కాలనీ మొత్తానికి వినబడింది. పెళ్లయ్యాక ఆ మాట విని జయంతి నవ్వడం అదే మొదటిసారి.