గుమ్మం మీది బొడ్డుతాళ్ళు

తను ఎవరి కూతురో కోర్టువాళ్ళు తేలుస్తుంటే నోరు మూసుకుని కూర్చోవడం సలూద్ వల్ల కావడం లేదు. బోనులో నిలబడి అబద్ధమాడుతున్నది పరాయివాడైతే ఇంత మంట ఉండేది కాదు. అతను క్రిసాంటో, సొంత అన్న, మాటలు వచ్చిన దగ్గర్నుంచీ ఆమె 'మనోయ్' అని పిలిచినవాడు.

లెయ్తే దీవిలో చేపలు పట్టుకుని బతికే ఇళ్ళలో అప్పట్లో కానుపులన్నీ మంత్రసాని చేతిమీదే. పుట్టిన సంగతి మునిసిపాలిటీలో రాయించాలన్న ధ్యాస ఎవరికుంటుంది! సలూద్ పెద్దదై, సముద్రం అవతల సెబూ పట్నంలో కుట్టుపనికి కాగితం కావాలన్నప్పుడు గానీ తల్లి ఇసిద్రా వెళ్ళి వేలిముద్ర వేయలేదు. మంత్రసాని ఎప్పుడో పోయింది. నిరుడు ఇసిద్రా కూడా పోయింది. ఏడాది తిరక్కుండానే, ఆలస్యంగా రాయించిన ఆ జననపత్రం తప్పుడుది, కొట్టేయండని క్రిసాంటో కోర్టుకెక్కాడు. తల్లి పేరనున్న కొబ్బరితోట అమ్మాలి. చెల్లెలు లేకపోతే ఒక్క సంతకంతో పని అయిపోతుంది. ఈ ఆలోచన అతని బుర్రలో పుట్టింది కాదు, వెనక బెంచీలో విసనకర్ర ఊపుకుంటున్న వదిన నెనీటా బుర్రలోది. అయినా వినేవాడికి బుద్ధుండొద్దూ?

"అమ్మ జాలిపడి రాయించిందండీ," అంటున్నాడు క్రిసాంటో. "తుపానులో అమ్మానాన్నా పోయిన పిల్ల. మా ఇంట్లో పెరిగింది, అంతే."

సలూద్ లాయరు లేచి, గుడ్డలో చుట్టి తెచ్చినదాన్ని బల్లమీద విప్పాడు. ఎండి నల్లబడ్డ రెండు బొడ్డుతాళ్ళు, ఒకదానికొకటి ముడేసి ఉన్నాయి. ఇన్నేళ్ళూ ఇసిద్రా గుమ్మం మీద వేలాడింది అవే. అలా కలిపి కడితే తోబుట్టువులు జన్మలో విడిపోరని ఆ తీరంలో తల్లుల నమ్మకం.

"ఒకటి మీది. రెండోది ఎవరిది?"

క్రిసాంటో తడుముకోలేదు. "నా తర్వాత పుట్టి, పేరైనా పెట్టకముందే పోయిన తమ్ముడిదండీ."

లేని తమ్ముణ్ణి పుట్టించేశాడు! కాదని చెప్పడానికి ఎవరు మిగిలారు గనక?

"ఎండిన తాడు చూసి అది ఎవరిదో నేనెలా చెప్పను?" అన్నాడు జడ్జి విసుగ్గా. "ఇంకేమైనా ఉందా?"

ఇంకేమీ లేదు. బయట గాలికి కిటికీ రెక్కలు టపటపా కొట్టుకుంటున్నాయి. రేపు ఓడలో సెబూ వెళ్ళేసరికి తను ఇసిద్రా కూతురు కాదు, ఎవరి కూతురూ కాదు. లాయరు చెయ్యి పట్టి ఆపుతున్నా వినకుండా లేచింది.

"అయ్యగారూ, ఒక్కమాట. మనోయ్ చేతనే ఆ ముడి విప్పించండి. తనది తను తీసుకుంటాడు. ఆ పసివాడిది నేను పట్టుకెళ్ళి అమ్మ సమాధిలో పెడతాను. తర్వాత మీరేం రాసినా నోరెత్తను."

"విప్పడానికి నీకేమైనా అభ్యంతరమా?" జడ్జి అడిగాడు.

"నాకేముందండీ," అన్నాడు క్రిసాంటో. అన్నాడే గానీ, తాళ్ళు చేతిలోకి తీసుకున్నాక మొహం మారింది.

ముడి విప్పినవాడికేం కాదురా, అవతలి తాడు ఎవరిదో వాళ్ళనే సముద్రం అడిగి తీసుకుంటుంది అని ఇసిద్రా ఇద్దర్నీ కూర్చోబెట్టి చెప్పేది. వాళ్ళ నాన్నను సముద్రం తీసుకుపోయాక మరీ చెప్పేది.

వల చిక్కుల్ని కళ్ళు మూసుకుని తీసే వేళ్ళు అతనివి. అవి ముడిమీద ఆగిపోయాయి. గోరు దూర్చాడు, తీసేశాడు. మళ్ళీ దూర్చాడు.

"విప్పవయ్యా! ఎండుపేగుకి కూడా భయపడతావా?" వెనకనుంచి నెనీటా కసిరింది.

కిటికీ మళ్ళీ ధడాలుమంది. క్రిసాంటో అటు చూశాడు. చెట్ల మీదుగా సముద్రం నల్లగా లేస్తోంది.

"ఇవాళ వద్దండీ," అన్నాడు చిన్నగా.

"ఏం?"

"గాలి చూస్తున్నారుగా. రేపు ఓడెక్కుతోందండీ ఇది."

నెనీటా విసనకర్ర ఆగిపోయింది.

"ఎక్కుతోంది ఎవరు?" అడిగాడు జడ్జి.

క్రిసాంటో తలెత్తలేదు. ముడిని రెండు చేతుల్లోనూ దాచి పట్టుకున్నాడు.

"మా చెల్లెలండీ."