బసవరాజ్ డ్యూటీ

"ఇంగా ఎందుకు పోతాండావు మా? నాయన పొయ్యి రెండు నెల్లాయ. ఆడ నీకెవరైనా జీతమిస్తాండారా?"

ఉమామహేశ్ ఈ మాట ఎత్తుకున్నప్పుడు గ్లాసులో కాఫీ పొగలు కక్కుతోంది. ఇప్పుడు మీగడ కట్టింది. శివలీల కొంగు బొడ్లో దోపుకుని చీపురు అందుకుంది.

"పేడ ఎండితే గచ్చు వదలదప్పా."

"ఎండనీ. కొత్త అటెండరొచ్చి గీక్కుంటాడు."

"ఆ కొత్త అటెండరువి నువ్వే గదరా," అంది గడపలో ఆకువక్క నములుతున్న మద్దమ్మ, శివలీల అత్త. "పొయ్యి నేర్చుకో మరి గీకేది."

శివజ్యోతి ఫక్కున నవ్వింది. అన్న చూసిన చూపుకు పుస్తకంలో తల దూర్చింది.

పశువుల ఆసుపత్రి రెండు వీధుల అవతల. శివలీల భర్త బసవరాజ్ అక్కడ అటెండరుగా ఉండేవాడు. శివజ్యోతి చంటిపిల్లగా ఉన్నప్పుడు ఒక కోడె తన్ని అతని నడుము పోయింది. మళ్ళీ వంగలేదు. తొట్టికి నీళ్ళు మోసేందుకు వెళ్ళిన శివలీల, ఆ తర్వాత ఊడ్చింది, ఆ తర్వాత ఎద్దుల మూతికి తాడు బిగించింది. ఉద్యోగం అతనిది, పని ఆమెది. అతను బల్ల మీద కూర్చుని రైతుల పేర్లు రాసుకుంటూ కబుర్లు చెప్పేవాడు. ఆమె ముంజేతులు మగవాళ్ళ చేతుల్లా గట్టిపడ్డాయి. అరచేతిలో తాడు ఒరిసిన గీత ఒకటి నల్లగా నిలిచిపోయింది.

ఆమె ఆసుపత్రి వాకిలి ఊడ్చేసరికి రైతు గోపన్న కుంటుతున్న ఆవును తోలుకొచ్చాడు. శివలీల దాన్ని ఇనుప బోనులోకి మళ్ళించి, వెనక కాలు ఎత్తి తొడమీద పెట్టుకుంది.

"జాగర్తమ్మా, తంతాది."

"తన్నదులే. నువ్వు దాని మొగం తట్టు నిలబడు, నిన్ను చూస్తే ఊరుకుంటాది."

డాక్టరమ్మ గిట్టలోంచి ముల్లు లాగి కట్టు కట్టింది. గోపన్న వెళ్ళాక చేతులు కడుక్కుంటూ చెప్పింది. "పింఛను, గ్రాట్యుటీ నీ పేరు మీదే వస్తాయి శివలీలా. మీ ఆయన బదులు ఇచ్చే ఉద్యోగం ఇంట్లో ఎవరికో మీరే తేల్చుకోవాలి. మిగతావాళ్ళు అభ్యంతరం లేదని సంతకాలు చేయాలి."

"పిల్లోనికే మేడం."

"సరే. కానీ నీకూ అర్హత ఉంది. ఏడో తరగతి పాసయ్యావు, వయసూ దాటలేదు. ఎవరూ చెప్పి ఉండరని చెబుతున్నా."

శివలీల చీపురు తీసుకుని గది ఊడ్చింది. గోడవారన ఉన్న బల్ల దగ్గర చెయ్యి ఆగింది. రెండు నెలల కింద ఒక మధ్యాహ్నం అన్నం తిని, బసవరాజ్ ఆ బల్ల మీదే గోడకు ఆనుకుని కూర్చున్నవాడు కూర్చున్నట్టే పోయాడు. కునుకు తీస్తున్నాడనుకుని ఆమె అతని కాళ్ళ చుట్టూ ఊడ్చింది. చెప్పులకు చీపురు తగిలినా కదలకపోతే అప్పుడు తలెత్తి చూసింది.

సాయంత్రం దీపాలు పెట్టే వేళకే అందరూ కంచాల ముందు కూర్చున్నారు. ఉమామహేశ్ అభ్యంతరం లేదనే కాగితం మడత తీసి తల్లి పక్కన పెట్టాడు. అందులో ఉద్యోగం ఎవరికో రాసేచోటు ఇంకా ఖాళీగానే ఉంది.

"చేవ్రాలు పెట్టు మా. ఉద్యోగమొస్తే కర్నూలుకు మార్పించుకుంటా. నువ్వు ఇంగ ఇంట్లో ఆరాముగా కూచోవచ్చు."

శివలీల పెనం మీది జొన్నరొట్టె తిప్పింది. కాలింది చూసి కొడుకు కంచంలో వేసింది.

"చేవ్రాళ్ళు మీరు పెట్టాలప్పా. నువ్వూ, జ్యోతీ, అవ్వా. ఆ ఉద్యోగం నేను చేస్తా."

మద్దమ్మ నమలడం ఆపింది. "పిల్లోనికి సంబంధం వచ్చిండేది ఉద్యోగం చూసే గదే?"

"తెలుసత్తా."

"మరి నేను?" అన్నాడు ఉమామహేశ్. గొంతు సన్నగా వచ్చింది, చిన్నప్పటిలా.

"నువ్వు చదువుకున్నావు. పింఛను నీ పరీక్షలకు ఖర్చు పెట్టుకో, నేను అడగను. ఇంట్లో కూచునేది మాత్రం నాకు చేతకాదప్పా."

గొంతు పెంచలేదు. ఇంకో పిండిముద్ద తీసుకుని చేతుల మధ్య తట్టసాగింది. ఉమామహేశ్ చెయ్యి కడుక్కోకుండానే లేచి బయటికి పోయాడు. శివజ్యోతి ఒకసారి వాకిలి వైపు, ఒకసారి తల్లి వైపు చూసి, కాగితం మడత విప్పి పెన్ను వెతుక్కుంది.

అన్న కంచంలో సగం తుంచిన రొట్టె ఇంకా ఆవిరి వదులుతూ ఉంది.