గంట మోగిన ప్రతిసారీ

ఈసారి సుత్తి వద్దు, సుత్తితో అయితే మొదటి దెబ్బకి చావడు, పోయినసారి కణత పగిలినా కళ్ళు మిటకరించి ఎవతివే నువ్వు అన్నాడు, ఎవతినట, పదకొండేళ్ళు వాడి గోడలకి రాళ్ళు చెక్కినదాన్ని, ఉలే నయం, మెడ పక్కన ఎముక తగలని చోట దించెయ్యాలి, కాలమందిరం తలుపు మళ్ళీ నా ఎదురుగా అలాగే నిలబడి ఉంది, మూడు నిలువుల తలుపు, మెట్ల మీద అదే ఎండ, అదే పావురం అదే చోటునుంచి టపటపా లేచింది, అంటే ఆరోసారి కూడా అక్క గంట కొట్టేసిందన్నమాట, గంట మోగితే ఈ కప్పు కింద కాలం పావుగంట వెనక్కి పోతుంది, చచ్చినవాళ్ళు లేస్తారు, ఎవరికీ ఏదీ గుర్తుండదు, ఇక్కడ ఆయుష్షు పోసినవాళ్ళకి తప్ప, పెద్ద మేస్త్రి ఒక్క రోజు కూడా పొయ్యలేదు, అందుకే ఆరుసార్లు చంపినా ప్రతిసారీ కొత్తగా చస్తాడు, నేనూ చస్తాను, వాడు పడ్డ మరుక్షణం కాపలావాడి ఈటె నా పొట్టలో దిగుతుంది, ముందు మంట ఉండదు, చలి, నడుం దాకా చలి, ఆ తర్వాత మంట.

నాన్న అయితే రాయి మీద చెయ్యి పెట్టే ముందు నవ్వేవాడు, ఒక స్తంభానికి ఒక ఏడు, అరచెయ్యి ఆనించి నిలబడితే రాయి తాగుతుంది, ఆ స్తంభం ఇక వెయ్యేళ్ళు బీటవారదు, మేం ఒక ఏడు ముసలివాళ్ళమవుతాం, ఈ లోపల నావి ఆరు స్తంభాలున్నాయి, వాటి మధ్యనుంచే ఇప్పుడు నడుస్తున్నాను, రంగుటద్దాల్లోంచి పడే వెలుగు నా చేతుల మీద ఎర్రగా, నీలంగా, నిన్న గుమ్మటం నడినెత్తిన ఆఖరి రాయి కూర్చోబెట్టారు, ఒక్క ఏడు చాలు ముసలోడా అన్నాడు పెద్ద మేస్త్రి, నాన్న వంగి చెయ్యి ఆనించాడు, తియ్యబోతే వాడు బూటుకాలితో ఆ మణికట్టు తొక్కిపట్టాడు, ఉండు, ఇంకొంచెం, ఇంకొంచెం అంటూ, నాన్న జుట్టు రాలింది, పళ్ళు రాలాయి, చర్మం ఎముకలకి అంటుకుపోయింది, నన్ను ముగ్గురు పట్టుకున్నారు, ఒకడి వేలు నా పంటి కింద విరిగింది, అయినా వదల్లేదు, చివరికి బట్టలు మిగిలాయి, బట్టల్లో గుప్పెడు బూడిద, పెద్ద మేస్త్రి బూటు దులుపుకుని, గట్టి రాయి, బాగా కూర్చుంది అన్నాడు.

తాగిన ఆయుష్షుని ఏ గంటా తిరిగి ఇప్పించలేదు, అది నాకు తెలుసు, నాన్న రాడు, అందుకని అక్కని అడగలేదు, గంట కొట్టేది మా అక్కే, నాలుగేళ్ళ కింద వాడే ఇచ్చిన కొలువు, కట్టడం ఎక్కడైనా కూలితే వెనక్కి తిప్పాలి, నిన్నటిదాకా రెండుసార్లే కొట్టింది, ఆ రెండుసార్లూ వారం రోజులు ఇంటికి రాలేదు, ఏమైందే అంటే చేతులు నొప్పులే అంది, పొద్దున నా చెయ్యి పట్టుకుని పోవద్దే, వాడి చుట్టూ పదిమంది ఉంటారు, నిన్ను బతకనివ్వరే అంటే విదిలించుకున్నాను, నీకేంలే, వాడి కూడు తింటున్నావు, నాన్న నీకు కాడేమో అన్నాను, దాని మొహం చూడలేదు, అదిగో వాడు, వేదిక ముందు వీపు తిప్పి నిలబడి ఎవర్నో తిడుతున్నాడు, మెడ మడతలు, చెమట, పిడికిట్లో ఉలి, ఒక్క అంగ, దిగింది, మెత్తగా దిగింది, వెచ్చటి నెత్తురు నా మొహం మీదికి ఎగజిమ్మింది, వాడు గొంతు పట్టుకుని బల్లల మీద పడ్డాడు, గొరగొరమన్నాడు, నాన్నా చూడు అని అరిచాను, చలి, ఈటె, మంట, ఇంకో ఈటె పక్కటెముకల్లో, నేలరాయి చెంపకి తగిలింది, ఎంత హాయి, ఇక పడుకోవచ్చు, అంతలో పైన గంట.

తలుపు, ఎండ, పావురం, లేదు, ఇక నావల్ల కాదు, ఏడుసార్లు, ఏడుసార్లూ వాణ్ణి లేపి కూర్చోబెట్టింది, కన్నతండ్రిని తొక్కి చంపినవాణ్ణి, అయితే ముందు దాని సంగతే చూస్తాను, గంట తాడు కోస్తాను, అడ్డం వస్తే దాని చేతులు కూడా, పక్కనున్న గంటగోపురం మెట్లు చుట్టలు చుట్టలుగా పైకి, ఊపిరి అందటంలేదు, ఒకే కంచంలో తిన్నాం కదే, జడలు వేశావు కదే, ఎలా చేశావే, పైగది తలుపు కాలితో తన్నాను, గంట కింద ఎవరో ముసలమ్మ కూలబడి ఉంది, రెండు చేతులకీ తాడు చుట్టుకుని, నెత్తురు కారే అరచేతులతో, ఎవరమ్మా నువ్వు, మా అక్క ఏదీ అన్నాను, ముసలమ్మ తల ఎత్తింది, ఈసారి ఇటు వచ్చావే అంది, గొంతు ఎవరిదో, ఆ వే మాత్రం అక్కది, భుజం మీది మాసిక నేను వేసిందే.

ఉలి ఎక్కడ పడిందో తెలీదు, అక్కా ఏమిటే ఇది, అంటే నవ్వింది, రెండే పళ్ళున్నాయి, గంటకి ఐదేళ్ళే, ఇది రాయికంటే ఎక్కువ తాగుతుంది, చెబితే నువ్వు ఊరుకుంటావా, ఐదేళ్ళు, ఏడుసార్లు, పొద్దున ముప్ఫై ఒకటి దానికి, వాడి కోసం ఎందుకే అని అరిచాను, వాడెవడే నాకు, వాడు లేస్తే ఎంత లేవకపోతే ఎంత, నువ్వు లేవాలి కదే, ఈటె దిగినప్పుడు నీ కేక ఇక్కడిదాకా వస్తుంది, వింటూ ఎలా కూర్చోను, అంటూనే గోడ పట్టుకుని లేవబోయింది, లేవలేకపోయింది, మళ్ళీ పోతావా, పోయేదైతే చెప్పవే, ఇంకొక్కటి కొట్టగలను అంది, నేను ఆ వేళ్ళ నుంచి తాడు ఒక్కో చుట్టూ విప్పాను, కింద పెద్ద మేస్త్రి ఎవర్నో బూతులు తిడుతున్నాడు, బతికే ఉన్నాడు, తిట్టుకోనీ, అక్కని వీపు మీదికి ఎత్తుకున్నాను, బరువే లేదు, పొడిబట్టల మూటలా ఉంది, దాని గడ్డం నా భుజం మీద వణుకుతోంది, మెల్లగా దిగవే, మోకాళ్ళు జాగ్రత్త అంటోంది, ఒక్కో మెట్టూ దిగుతున్నాను, ఆ ఏడుసార్లూ ఈటె నాకే దిగిందనుకున్నాను.